ముప్పై ఒక్క బంగారాలు

సువార్త తల పగలగొట్టింది మీరే. రాళ్లు విసిరిన చేతులు ఆరో ఏడో ఉంటాయి. మిగతావాళ్లు అక్కడ లేమని తప్పుకోకండి. మీరు ఎక్కడున్నారో నాకు తెలుసు. పదహారో రోజు సమావేశంలో ఉన్నారు. చేతులెత్తారు, లెక్క పెట్టించుకున్నారు, చప్పట్లు కొట్టారు. ఆ రాళ్లు మీరు ఏరుకుంది అక్కడే.

ఇది రాతిపాలెం రేకులశాల రోజువారీ పుస్తకం. ఎన్ని కంటిరేకులు శుభ్రం చేశాం, ఎన్ని చిరిగాయి అని రాసుకోవడానికి కమిటీ ఇచ్చింది. ఈ నెల నేను అందులో ఇంకా కొన్ని సంగతులు రాశాను. తీసుకొచ్చి కమిటీ గది ముందు బల్ల మీద పెడుతున్నాను. చదవకుండా మూసేసేవాళ్లు ఉంటారని తెలుసు. అందుకే చెప్పాల్సింది మొదటి వాక్యంలోనే చెప్పేశాను.

1వ రోజు

తొమ్మిదో రంగుల పట్టిక ఇవాళ మొదలైంది. పొద్దున ఏడింటి నుంచి మూడు వందల అరవై రేకులు. పని ఎప్పటిదే. రేకుని ఉప్పునీళ్లలో నానబెట్టడం, కొత్త పట్టిక ఎక్కించడం, మనిషిని కుర్చీలో వెనక్కి వాల్చి కంటిపాప మీద పరవడం, ఆ తర్వాత నమూనా పలక ముందు కూర్చోబెట్టి ఇదేం రంగు, ఇదేం రంగు అని అడగడం. పలక మీద రెండు వందల యాభై ఆరు గళ్లు. దుమ్ము ఏళ్లలో చూపు పోయిన ఊరికి ఈ గళ్లే లోకం. బయట ఎన్ని రంగులున్నా రేకు వాటికి దగ్గరగా ఉన్న గడిని వెతికి దాన్నే చూపిస్తుంది. మన సాయంత్రాలు ఏడు మెట్లుగా దిగుతాయి. ఒకప్పుడు మెట్లు లేకుండా జారేవని చెబితే పిల్లలు నవ్వుతారు. గోడల మీద బొమ్మలు వేసేవాళ్లు కూడా బుగ్గని ఇప్పుడు మూడు పట్టీలుగా వేస్తారు. వాళ్లకి బుగ్గ కనపడేదే అలా.

ఈసారి దుమ్ముతుడుపు పెంచాం. గాలిలో దుమ్ము ఏ రంగులో ఉంటుందో ఆ రంగుని రేకు తుడిచేసి, వెనక ఏముందో ఊహించి పూరిస్తుంది. ఆకాశం నీలంగా లేదని మీరు మూడుసార్లు అర్జీ పెట్టారు కదా. ఇవాళ కుర్చీలోంచి లేచినవాళ్లంతా కిటికీ దగ్గరికి వెళ్లి నిలబడిపోయారు. ఒక పెద్దాయన ఆకాశానికి దణ్ణం పెట్టాడు. నాకు మాత్రం అది ఎప్పట్లాగే గోనెసంచి రంగులో ఉంది. సరిచూసే మనిషికి పాత రేకు ఉండాలని నియమం కాబట్టి నాది ఏడో పట్టిక రేకు. ఎడమది పోయినేడు చిరిగింది. ఆ రకం ఇప్పుడు తయారు కాదు. కుడికంటితోనే నెట్టుకొస్తున్నాను.

పొద్దుగూకేవేళ దుమ్మువలల వాళ్ల విడత మొదలైంది. ఊరి చుట్టూ కట్టిన ఆ వలల్ని రోజూ దులపకపోతే మూడు రోజుల్లో మన ఇళ్లు పూడిపోతాయి. వాళ్లలో సువార్త ముందుగా వచ్చింది. పన్నెండేళ్లుగా వలల మీదే పని. గట్టి మనిషి, నోరు ఇంకా గట్టిది. పలక మీద గళ్లన్నీ తడబడకుండా చెప్పింది. లేచి, ముఖం తుడుచుకోబోయి ఆగింది. అరచేతులు కళ్ల ముందు పెట్టుకుంది, తిరగేసింది, మళ్లీ కూర్చుంది.

"అక్కా, నా చేతులేయి?" అంది.

2వ రోజు

సువార్తని మళ్లీ పిలిపించి అద్దం ఇచ్చాను. అద్దంలో తనకి గోడ కనపడిందట. గోడకున్న మేకు మాత్రం కనపడలేదట. ఆమె వెనక ఏముందో రేకు ఊహించింది, మేకుని ఊహించలేకపోయింది, అంతే. ఒంటి మీద వలల వాళ్లకి కమిటీ ఇచ్చే మట్టిరంగు చొక్కా. అదీ లేదు.

ముంజేయి పలక మీద పెట్టమన్నాను. నా పాత రేకుకి ఆమె చెయ్యి బాగానే కనపడుతోంది, మోచేతి దగ్గర వల తీగె గీరిన మచ్చతో సహా. దాని రంగుకి దగ్గరగా ఉన్న గడి వెతికాను. పట్టికలో మనిషి ఒంటి రంగులు పదకొండు. పదకొండూ గోధుమపిండి నుంచి మీగడ దాకా ఉన్నాయి. ముదురు రంగులు నాలుగు: తలుపు చెక్క, టీ నీళ్లు, కుండ, దుమ్ము. సువార్త చెయ్యి దుమ్ము గడి మీద పడింది. రేకు దుమ్మని తుడిచేసింది.

కమిటీ అధ్యక్షుడు శేషగిరి గారికి చెప్పాను. ఓపిగ్గా విన్నారు. ఆయన ఎప్పుడూ ఓపిగ్గానే వింటారు. చిన్న లోపమేనని, పదో పట్టికలో తప్పకుండా చూద్దామని అన్నారు. పదో పట్టికకి ఇంకా మూడేళ్లుంది.

4వ రోజు

విడతలన్నీ అయిపోయాయి. పుస్తకం తిరగేసి లెక్క తీశాను. పూర్తిగా తుడిచిపోయినవాళ్లు నూట పన్నెండు మంది. నీడలోకి వస్తే సగం ముఖం పోయేవాళ్లు ఇంకా చాలామంది, వాళ్లు మొహమాటపడి చెప్పుకోవడం లేదు. నూట పన్నెండులో తొంభై మంది వలల పనివాళ్లే. ఇది కాకతాళీయం అంటారా? ఎండలో ఎవర్ని నిలబెట్టామో, ఎవర్ని నీడలో కూర్చోబెట్టామో మీ తాతలకి తెలుసు.

పట్టిక ఎక్కడినుంచి వచ్చిందో మీలో సగం మందికి తెలియదు. నేను చెబుతాను. అందులో నా వేలు ఉంది.

దుమ్ముకి ముందు, ఇరవై మూడేళ్ల వయసులో, నేను పెళ్లి ఆల్బమ్‌లు తయారుచేసే ల్యాబ్‌లో పనిచేశాను. అక్కడ మస్తాన్ గారని పెద్దాయన ఉండేవారు. నెగెటివ్‌ని వెలుగుతున్న గాజుపలక మీద పెట్టుకుని, సూదిలా చెక్కిన పెన్సిల్‌తో పెళ్లికూతురి బుగ్గని తేల్చేవారు. నెగెటివ్ మీద పెన్సిల్ పడినచోట ఫొటోలో తెలుపు వస్తుంది. అది అబద్ధమే, కాదనను. కానీ ఆ అబద్ధం ఆడటానికి ఆయన ఆ ముఖాన్ని పూటంతా చూడాల్సి వచ్చేది. చూస్తూ చూస్తూ చాలాసార్లు పెన్సిల్ పక్కన పెట్టేసేవారు. ఈ పిల్లకి అక్కర్లేదు, ఇలాగే బాగుందని చెప్పి పంపేసేవారు. తల్లిదండ్రులు పోట్లాడేవాళ్లు.

అప్పుడే ల్యాబ్‌కి కంప్యూటర్ వచ్చింది. నేను ఒక మీట తయారు చేశాను. నొక్కితే ఫొటోలో ఉన్న ప్రతి ముఖం రెండు మెట్లు తెల్లబడుతుంది. పెళ్లికూతురు ఒక్కతే తెల్లబడితే తేడా తెలిసిపోతుంది, అందరికీ కొట్టేయమ్మా అనేవాళ్లు మీ పెద్దవాళ్లు. కొట్టేదాన్ని. వధువు, వరుడు, మేనమామ, డోలు వాయించేవాడు, ఎంగిలాకులు తీసే మనిషి. నాలుగు వందల ఫొటోలు టీ తాగి వచ్చేలోపు అయిపోయేవి. మస్తాన్ గారు ఒకరోజు నా కుర్చీ వెనక నిలబడి చూశారు.

"ఒక్క ముఖం కూడా చూడకుండా ఇంతమందిని దిద్దావా తల్లీ" అన్నారు.

మెచ్చుకుంటున్నారనుకుని నవ్వాను.

తర్వాత దుమ్ము వచ్చింది. మొదటి రేకులు చేసేటప్పుడు లోకం ఏ రంగులో ఉండేదో యంత్రానికి నేర్పాలి. ఊళ్లో మిగిలిన బొమ్మలు మా ల్యాబ్ డిస్కుల్లోవే, మూడు వేల పెళ్లిళ్లు. యంత్రం వాటన్నిటిలో ఎక్కువసార్లు వచ్చిన రంగుల్ని ఏరింది. బంగారానికి ముప్పై ఒక్క గళ్లు. పెళ్లిచీర ఎరుపుకి నలభై. పసుపుకి పద్నాలుగు. మనిషి ఒంటికి పదకొండు, అన్నీ నా మీట కింద నుంచి వచ్చినవే. నల్లటి మనిషి ఒక్కరూ ఆ పెళ్లిళ్లకి రానట్టే.

యంత్రాన్ని తిట్టకండి. ముందు మనం కోరుకున్నట్టు బొమ్మలు చేసుకున్నాం. ఆ తర్వాత బొమ్మల్ని చూసి కళ్లు చేసుకున్నాం. అది మనకి కొత్త చూపేం ఇవ్వలేదు. మన పాత చూపుకే మేకు కొట్టి బిగించింది.

7వ రోజు

కమిటీ పరిష్కారం వచ్చింది. నూట పన్నెండు మందికీ తలా ఒక పౌడర్ డబ్బా.

నేను వెటకారం చేయడం లేదు. డబ్బాల మీద పేర్లు రాసి, వరసలో నిలబెట్టి ఇచ్చారు. ముఖానికి, మెడకి, చేతులకి పట్టిస్తే పదకొండు గళ్లలో ఏదో ఒకదాంట్లో పడతారు, కనపడతారు. శేషగిరి గారు ఉపన్యాసంలో ఎవరినీ వదిలిపెట్టబోమని అన్నారు. కొందరు చప్పట్లు కొట్టారు. మొదటి డబ్బా అందుకోవాల్సింది సువార్త. ఆయన డబ్బాని ఆమెకి మూరెడు పక్కన గాల్లోకి చాచి పట్టుకున్నారు.

"ఇటు సార్, ఇటు. ఇంకొంచెం. ఆఁ, దొరికా" అంది సువార్త.

వరసలో వెనకున్నవాళ్లు నవ్వారు. ముందు కూర్చున్న పెద్దలకి ఖాళీ మైదానం నవ్వినట్టుంది. ఇద్దరు లేచి నిలబడ్డారు.

11వ రోజు

పౌడర్ వల దగ్గర గంట కూడా నిలవడం లేదు. చెమటకి చారలు కడుతోంది. అప్పుడు మనుషులు ముక్కలుగా కనపడుతున్నారట. ఒక చెంప, రెండు వేళ్లు, మెడ మీద ఒక గీత.

బడ్డీ దగ్గర సువార్త ముందు నిలబడితే, వెనకున్నావిడ ఆమెలోంచి నడిచి వెళ్లబోయి గుద్దుకుని కెవ్వుమంది. ట్రాలీబండి నడిపేవాళ్లు పడమటి వీధిలో గంట కొట్టడం మానేశారు, అక్కడ ఎవరూ ఉండరు కదా అని. సువార్త కాలి వేలు నలిగింది.

మధ్యాహ్నం శాలకి వచ్చి కూర్చుంది. ఇంటి సంగతి అడిగాను. ఆమె భర్త ఏసోబు కూడా నూట పన్నెండులో ఒకడు.

"మాట్లాడతా ఉండమంటన్నాడక్కా. అన్నం వండేప్పుడు, బట్టలు మడిచేప్పుడు, ఏదో ఒకటి అంటా ఉండమంటాడు. నోరు మూత్తే నేను పోయానని భయం ఆయనకి. ఆయన పాట పాడతా ఉంటాడు. పాట రాదు ఆయనకి, చెవులు పోతన్నయి."

కాసేపు నవ్వుకున్నాం. తర్వాత ఆమె అసలు సంగతి చెప్పింది. నిన్న పొద్దున నిద్ర లేచాక ఏసోబు మెలకువగా ఉండి కూడా మాట్లాడలేదట, ఊరికే ఆటపట్టించడానికి. ఆమె చెయ్యి చాచి తడిమింది. చాచిన చెయ్యీ కనపడలేదు, తగిలిన మనిషీ కనపడలేదు. ఏది తనో ఏది ఆయనో ఒక క్షణం తెలియలేదట.

"అప్పుడనిపిచ్చింది, చచ్చిపోడమంటే ఇట్టానే ఉంటదేమోనని" అంది. ఆ మాట అన్నప్పుడు మాత్రం నవ్వలేదు.

నాకు నిద్ర పట్టడం లేదు. ఈ వారంలో నేనొక్కదాన్నే ఆమె ముఖం చూశాను. ఊరంతట్లో నాకొక్కదానికే ఉన్న చూపు నాకు గర్వంగా లేదు, బరువుగా ఉంది. కన్ను రెప్ప వేసినప్పుడల్లా తెరిచేసరికి ఆమె ఉంటుందా అనిపిస్తోంది.

14వ రోజు

సమావేశంలో తీర్మానం పెడుతున్నాను. ముప్పై ఒక్క బంగారాల్లో పదకొండు తీసేసి, ఆ గళ్లలో పదకొండు ఒంటి రంగులు పెట్టాలి. ఇరవై బంగారాలు ఇంకా మిగులుతాయి. రేకుల్లోకి మళ్లీ ఎక్కించడానికి నాలుగు రోజుల పని, ఖర్చేం లేదు.

నూట పన్నెండు మందినీ శాల వెనక కూర్చోబెట్టి మాట్లాడాను. పౌడర్ లేకుండా రండి, పని చొక్కాలతోనే రండి, చొక్కా లేనివాళ్లు అడిగి తెచ్చుకోండి అని చెప్పాను. ఖాళీ బెంచీలు చూసి ఊరు సిగ్గుపడాలి, ఆ ఖాళీయే మన ఉపన్యాసం అన్నాను. చాలా బాగా చెప్పానని నాకే అనిపించింది.

సువార్త ఒప్పుకోలేదు. రంగు చీరలు కట్టుకుని, డబ్బాలు మొత్తం ఖాళీ చేసి, మెరిసిపోతూ వెళ్దామంది. ముందు గెలుద్దాం, సిగ్గు తర్వాత పడతార్లే అంది. అలా వెళ్తే పౌడర్ పద్ధతిని మనమే ఒప్పుకున్నట్టవుతుందని నేను వాదించాను. ఆత్మగౌరవం అన్నాను, చరిత్ర అన్నాను. నోట్లో మాటలకి కొదవ లేదు నాకు. చివరికి అందరూ నా వైపే తలూపారు. సువార్త కూడా సరే అంది, పెద్దదాన్నని.

16వ రోజు

రాస్తున్నాను. కోపంతోనే.

తీర్మానం చదివాను. మాట్లాడటానికి లేచింది చిట్టిబాబు గారు. మీ అందరికీ తెలుసు ఆయన, మృదువైన మనిషి. భార్య పోయి తొమ్మిదేళ్లయింది, మిగిలింది పెళ్లి ఫొటో ఒక్కటే. అందులో ఆమె మెడలో బంగారు నాను ఉంది, దాని మెరుపు కదిలినట్టుంటుంది, బంగారాలు తగ్గిస్తే అది ఇత్తడి ముక్కలా అయిపోతుంది, ఆమె మెడ కూడా ఆగిపోతుంది అన్నారు. నాకూ బాధ వేసింది. కానీ చిట్టిబాబు గారూ, పోయిన మనిషి మెడలో మెరుపు కోసం ఉన్న మనిషి మెడ తీసేయమంటున్నారు మీరు. అదే అన్నాను. హాల్లో కొందరు నన్ను తిట్టారు.

ఓటు. మన పద్ధతి ప్రకారం చేతులెత్తాలి, ఇద్దరు టీచర్లు వరస వరసకీ వచ్చి లెక్కపెట్టాలి. వద్దన్నవాళ్లు నాలుగు వందల తొంభై ఎనిమిది. కావాలన్నవాళ్లు నాలుగు వందల ముప్పై ఒకటి.

వెనక ఎడమవైపు బెంచీల దగ్గరికి టీచర్లు రాలేదు. వాళ్ల కళ్లకి అక్కడ ఉట్టి చెక్క ఉంది. నా కుడికంటికి అక్కడ చేతులున్నాయి. లేచి లెక్కపెట్టాను. నూట నాలుగు. నిటారుగా ఎత్తిన చేతులు, మట్టి చొక్కాల మడతలు మోచేతుల దాకా జారాయి. నూట నాలుగు కలిపితే ఐదు వందల ముప్పై ఐదు. మనం గెలిచాం.

అరిచాను. వాళ్లూ అరిచారు, మేమున్నాం, ఇక్కడున్నాం అని. మీరు వెనక్కి తిరిగి చూశారు. ఖాళీ బెంచీలు అరుస్తుంటే మీ ముఖాలు పాలిపోయాయి. కొందరు పిల్లల చెవులు మూశారు. అది సిగ్గు కాదు, భయం. నేను వాటి మధ్య తేడా తెలియకుండా యాభై ఒక్క ఏళ్లు బతికాను.

"కాత్యాయని గారూ, గొంతులు వినపడుతున్నాయి, కాదనడం లేదు" అన్నారు శేషగిరి గారు. "కానీ నియమంలో చేతులని ఉంది. ఒక్క మనిషి ఒక్క కంటితో చూసిన లెక్కని నేను రాయలేను."

రాయలేదు. మీరు చప్పట్లు కొట్టారు.

17వ రోజు

సువార్త శాలకి వచ్చింది. కూర్చోలేదు.

"గెలిచే ఓటు పోగొట్టావక్కా."

వాళ్లు మోసం చేశారన్నాను.

"వాళ్లు చేసేది వాళ్లు చేశారు. నువ్వు చేసింది చెప్పు. డబ్బా కొట్టుకుని పోయుంటే ఈపాటికి నా చేతులు నాకుండేయి."

ఈ పుస్తకంలో మీ తప్పులన్నీ రాస్తున్నాను కాబట్టి ఇదీ రాయాలి. నాకు ఖాళీ బెంచీల దృశ్యం కావాలనిపించింది. వాళ్లకి కావలసింది ఓటు. నేను నా దృశ్యాన్ని ఎంచుకున్నాను. మీట నొక్కినప్పుడూ అంతే, ఎవర్నీ అడగలేదు.

20వ రోజు

సువార్త పౌడర్ డబ్బా కమిటీ గది గుమ్మంలో పెట్టేసి వచ్చింది. గోడలకి కొట్టే సున్నం కలిపి మోచేతుల దాకా పూసుకుంటోంది. చర్మం పగులుతుందని చెప్పాను.

"పౌడరంటే మీ రంగు అరువు తెచ్చుకోడం. సున్నం ఎవుళ్ల రంగూ కాదు" అంది.

వల మీద ఇప్పుడు తన చేతులు తనకి కనపడుతున్నాయి. పని వేగంగా అవుతోంది. వలల వాళ్లు ఇంకో పదిమంది అలాగే మొదలుపెట్టారు. వాళ్లు వాళ్లు చేతులు ఊపుకుంటే ఎవరెక్కడున్నారో తెలుస్తోందట.

21వ రోజు

ఊళ్లో దయ్యాల మాట పుట్టింది. పడమటి వల మీద తెల్ల చేతులు ఎక్కుతున్నాయట, దిగుతున్నాయట. బడిలో ఆ వైపు కిటికీలకి దుప్పట్లు కట్టారు. వల గుంజలకి ఎవరో నిమ్మకాయలు, మిరపకాయలు వేలాడదీశారు.

"నిమ్మకాయలు మంచియేనక్కా. ఏసోబు పప్పులో పిండాడు" అంది సువార్త. మళ్లీ నాతో మాట్లాడుతోంది, అది చాలు.

అవి మనుషుల చేతులని, ఎవరెవరివో పేర్లతో సహా రాసి శాల తలుపుకి అంటించాను. జనం చదివారు. చదివి కూడా వల వైపు వెళ్లినప్పుడు దారి మార్చుకున్నారు. తెలియక భయపడినవాళ్లని ఏమీ అనను. తెలిసి కూడా దయ్యమనే ఉంచుకున్నారు. దయ్యమైతే తరిమేస్తే సరిపోతుంది. మనిషైతే పదకొండు బంగారాలు ఇవ్వాలి.

23వ రోజు

మధ్యాహ్నం మూడు దాటింది. పడమటి వైపు కేకలు విని పరిగెత్తాను. ఆరేడుగురు మగవాళ్లు వల కింద నిలబడి రాళ్లు రువ్వుతున్నారు. పైన నిచ్చెన మీద సువార్త ఒక చేత్తో తీగె పట్టుకుని, రెండో చెయ్యి అడ్డం పెట్టుకుంది. అడ్డం పెట్టిన చెయ్యే వాళ్లకి గురి.

"నేను సువార్తరా, వలల సువార్తని" అని అరుస్తోంది. మనిషి పేరు చెప్పినా రాళ్లు ఆగలేదు. ఒకటి తలకి తగిలింది. ఆమె నిచ్చెన మీద నుంచి జారి పడింది.

అప్పుడు ఆగారు. ఎందుకంటే రక్తం అందరికీ కనపడింది. ఎరుపుకి మన పట్టికలో నలభై గళ్లున్నాయి. ఏమీ లేని చోట, నేలకి జానెడు ఎత్తున, పెళ్లిచీర రంగు పుట్టి, పాయలుగా విడిపోయి, నుదురు ఆకారంలో, కనుబొమ ఆకారంలో, ముక్కు ఆకారంలో కిందికి దిగింది. కొత్త రేకులు పెట్టుకున్నాక మొదటిసారి వాళ్లు ఆమె ముఖం చూశారు. ఒకడు అక్కడే కూలబడ్డాడు. మిగతావాళ్లు పారిపోయారు.

ఆసుపత్రికి ఏసోబు, నేను మోసుకెళ్లాం. వసుంధర సిస్టర్ మంచి నర్సు, చేయి తిరిగిన మనిషి. దారం ఎక్కించిన సూది పట్టుకుని నిలబడిపోయింది. రక్తం తుడవగానే కింద ఏమీ లేదు. తుడవకపోతే అంతా ఎరుపే. గాయం అంచు ఎక్కడో తెలియడం లేదు. వేళ్లతో తడిమి ఒక కుట్టు వేసింది, అది కనుబొమలో పడింది. సువార్త మూలిగింది. ఇంకా నాలుగంగుళాల గాయం ఉంది, రక్తం ఆగడం లేదు.

"నాకు కనపడట్లేదండీ. చూడకుండా కుడితే చంపేస్తాను" అంది సిస్టర్. ఆమె ఏడుస్తోంది.

పాత రేకుని కంట్లోంచి ఒక్కసారే తీయొచ్చు. ఇంకో కంట్లో పెట్టాక అది అక్కడే అతుక్కుపోతుంది, మళ్లీ తీస్తే చిరుగుతుంది. ఇది నా వృత్తి, నాకు తెలుసు. ఉప్పునీళ్లు అడిగాను. రెప్ప పైకెత్తి, గోటితో అంచు లేపి తీశాను. సిస్టర్‌ని కుర్చీలో వాల్చి, ఆమె కుడికంట్లో కొత్త రేకు తీసి నాది పరిచాను. ఆ పని చూపు లేకుండానే చేశాను. పాతికేళ్లుగా చేస్తున్న పని.

తర్వాత సిస్టర్ సువార్తతో చాలా నెమ్మదిగా అంది.

"అమ్మా, మీరు రోజూ మా ఇంటి ముందు నుంచే వెళ్తారు కదా."

పద్దెనిమిది కుట్లు పడ్డాయి.

27వ రోజు

పుస్తకం మీద అడ్డంగా దారాలు కట్టించుకుని వాటి మధ్య తడుముకుంటూ రాస్తున్నాను. అక్షరాలు ఒకదాని మీద ఒకటి ఎక్కితే సర్దుకుని చదవండి. నాకు ఇప్పుడు వెలుగు, చీకటి మాత్రమే తెలుస్తాయి. తొమ్మిదో పట్టిక రేకు పెట్టిస్తామని కమిటీ కబురు చేసింది. అక్కర్లేదన్నాను. సువార్త లేని చూపు నాకెందుకు?

ఆమె బతికింది. ఎడమ చెవి సరిగ్గా వినపడటం లేదు. ఏసోబు ఇప్పుడు కుడివైపు కూర్చుని పాడుతున్నాడు. నిన్న వెళ్లాను. ఇద్దరం తడుముకుని చేతులు పట్టుకున్నాం. ఈ డిమాండ్లు ఆమెకి ఒక్కొక్కటే నోటితో చెప్పాను. రెండు కొట్టేయించింది, మూడు చేర్పించింది. చివరిది ఆమె చెప్పింది చెప్పినట్టే రాశాను.

1. పదహారో రోజు ఓటు చెల్లదని ప్రకటించాలి.

2. చేతులెత్తే పద్ధతి రద్దు చేయాలి. పేరు పిలవాలి, నోటితో జవాబు చెప్పాలి, రాయాలి.

3. దుమ్ముతుడుపు రేపే ఆపాలి. ఆకాశం గోనెసంచి రంగులో ఉంటే ఉండనివ్వండి.

4. పదకొండు బంగారాలు తీసి పదకొండు ఒంటి రంగులు పెట్టాలి. చిట్టిబాబు గారి ఫొటోలో నానుకి కావలసిన గళ్లేవో ఆయన్నే అడిగి, అవి ఉంచి, మిగతావాటిలోంచి తీయాలి.

5. వలల వాళ్లకి మట్టిరంగు చొక్కాలు ఆపాలి. ఏ రంగు కావాలో వాళ్లు చెబుతారు.

6. పడమటి వీధిలో ట్రాలీబళ్లు గంట కొట్టాలి.

7. పౌడర్ డబ్బాలు వెనక్కి తీసుకోవాలి.

8. రాళ్లు వేసినవాళ్లు సువార్త ఇంటికి వెళ్లి పేర్లు చెప్పాలి. ఆమె మిమ్మల్ని చూసింది. అయినా మీరే చెప్పాలి.

9. కొత్త గళ్లకి రంగులు ఫొటోల్లోంచి తీయకూడదు. మనుషుల్ని పగటి వెలుగులో కూర్చోబెట్టి చూసి తీయాలి.

10. నా చెయ్యి నమూనాకి కావాలంటే వచ్చి నన్ను అడగాలి.